పూల జెల్లీ ఇంట్లో చేసి సీసాల్లో నిల్వపెట్టడం: తరచుగా అడిగే ప్రశ్నలు

నేను ఇది నేర్చుకున్నది వర్జీనియాలో ఉన్న రోజుల్లో, పక్కింటి పెద్దావిడ దగ్గర. ఏప్రిల్ వస్తే ఆవిడ పెరట్లో గడ్డి కనపడకుండా ఊదారంగు వయొలెట్లు పూసేవి, గిన్నె పట్టుకుని వంగి వంగి కోసి జెల్లీ చేసేది. హైదరాబాద్ తిరిగొచ్చాక మా మేడ మీద కుండీల్లో ఉన్న మందార, నాటు గులాబీ, శంఖుపువ్వులతో చేస్తున్నాను. తిన్నవాళ్ళందరూ అడిగేవి దాదాపు ఒకటే ప్రశ్నలు, అందుకే అన్నీ ఒకచోట రాస్తున్నాను.

మొదటే ఒక మాట. ఆవకాయ కలిపే చేతులు మనవి, కంటి కొలతతోనే ఉప్పూ కారం సరిపోతాయి. పూల జెల్లీ దగ్గర మాత్రం ఆ అలవాటు పక్కన పెట్టాలి. పువ్వు ఇచ్చేది రంగు, వాసన, అంతే. పులుపు, తీపి, గట్టిపడే గుణం అన్నీ మనమే కొలిచి ఇవ్వాలి. కింద చాలా జవాబులు తిరిగి తిరిగి ఈ మాట దగ్గరకే వస్తాయి.

ఇది గుల్కంద్ లాంటిదేనా?

కాదు. గుల్కంద్‌లో గులాబీ రేకులు, చక్కెర పొరలు పొరలుగా వేసి ఎండలో పెడతాం, రేకులు అందులోనే ఉంటాయి, ముద్దలా వస్తుంది. జెల్లీకి పూలను వేడినీళ్ళలో నానబెట్టి, ఆ నీళ్ళు వడకట్టి, రేకులు పారేసి, ఆ నీళ్ళని చక్కెర, నిమ్మరసం, పెక్టిన్‌తో (పండ్లలో ఉండే, జెల్లీని గట్టిపరిచే జిగురు లాంటిది) మరిగించి గట్టిపరుస్తాం. బాగా కుదిరిన జెల్లీ అద్దంలా ఉంటుంది, సీసా వెలుతురుకి ఎత్తి పట్టుకుంటే అవతల వేళ్ళు కనపడాలి. చెంచాతో తీస్తే కోసినట్టు విడిపోవాలి, సాగకూడదు.

ఏ పూలు పనికొస్తాయి?

నేను చేసి చూసినవే చెప్తాను.

నాటు గులాబీ అన్నిటికంటే నమ్మకమైనది. వాసన ఉన్న గులాబీ అయితేనే చేయండి, బొకేల్లో వచ్చే పొడుగు కాడ గులాబీకి రంగు తప్ప ఏమీ లేదు, జెల్లీ చేస్తే చక్కెర రుచే వస్తుంది. రేకు అడుగున తెల్లగా ఉండే భాగం చేదు, కత్తెరతో కత్తిరించేయాలి. అది విసుగు పనే కానీ మానకండి.

మందార: ఒంటిరెక్క ఎర్ర మందార మంచిది. దీంతో ఉన్న చిక్కు జిగురు. తలకి మందారాకు రుబ్బి పెట్టుకున్నవాళ్ళకి ఆ జిగురు ఎలా ఉంటుందో తెలుసు, పువ్వులో కూడా అదే ఉంది. పూలను నీళ్ళలో వేసి మరగబెట్టారంటే ఆ నీళ్ళు తీగలు సాగుతాయి, ఆ సాగుడు జెల్లీలోకీ వస్తుంది. కాడ, పచ్చని తొడిమ, మధ్యలో పుప్పొడి ఉండే కాడ తీసేసి రేకులు మాత్రమే తీసుకుని, పొయ్యి ఆపేశాక వేడినీళ్ళు పోసి, పదిహేను నిమిషాల్లో పిండకుండా వడకట్టేయండి.

శంఖుపువ్వుకి రంగే గానీ వాసన లేదు, రుచి పచ్చిగడ్డిలా ఉంటుంది. అందుకని నిమ్మగడ్డి గానీ, అల్లం ముక్క గానీ, రెండు యాలకులు గానీ దాంతోపాటు నానబెడతాను.

మల్లె వాసన వేడికి ఎగిరిపోతుంది. పూలను చల్లటి నీళ్ళలో వేసి ఫ్రిజ్‌లో రాత్రంతా ఉంచి వడకట్టాలి. చైనావాళ్ళు టీ ఆకుకి వాసన పట్టించేది మన ఈ గుండుమల్లె జాతితోనే. కానీ అమెరికాలో జార్జియా, కరోలినాల్లో ఉన్నవాళ్ళు ఇది జాగ్రత్తగా చదవండి: అక్కడ కంచెల మీద పసుపు పూలతో పాకే ‘కరోలినా జెస్సమిన్’ మల్లె కాదు, పేరు మాత్రమే అలా ఉంటుంది. అది విషం. పువ్వు, ఆకు, వేరు అన్నీ విషమే.

గోంగూర పువ్వు గురించి చివర్లో వివరంగా రాశాను, ఎందుకంటే దాని లెక్క వేరు. నిజానికి మనం వాడేది రేకులు కాదు, పువ్వు రాలిపోయాక కాయ చుట్టూ ఎర్రగా, కండగా మిగిలే రక్షక పత్రాలు.

ఇప్పపువ్వు గురించి ఆదిలాబాద్ వైపు వాళ్ళు అడుగుతుంటారు. అక్కడ ఆదివాసీ మహిళలు ఇప్పపువ్వు లడ్డూలు చేసి అమ్ముతున్నారు, కాబట్టి తినే పువ్వే, సహజంగానే బోలెడు తీపి ఉంది. కానీ చాలా త్వరగా పులిసిపోతుంది. ఎండబెట్టిన పువ్వు అయితే శుభ్రంగా కడిగి నానబెట్టి వాడొచ్చు. ఆ వాసన అందరికీ నచ్చదు, ముందు ఒక్క సీసాకి సరిపడా చేసి చూసుకోండి.

అమెరికాలో ఉన్నవాళ్ళకి వసంతంలో మూడు దొరుకుతాయి: వయొలెట్, డాండెలయన్, రెడ్‌బడ్. డాండెలయన్‌కి పసుపు రేకులు మాత్రమే గిల్లుకోవాలి, పచ్చని భాగం పడితే చేదెక్కుతుంది. నాలుగు కప్పుల రేకులు గిల్లడానికి గంట పైనే పడుతుంది, కానీ ఆ జెల్లీ తేనెలా ఉంటుంది. ‘ఆఫ్రికన్ వయొలెట్’ అని ఇళ్ళలో కుండీల్లో పెంచేది వేరే మొక్క, అది తినేది కాదు.

బతుకమ్మకి తెచ్చిన తంగేడు, గునుగు, బంతి మిగిలిపోతాయి, వాటితో చేయొచ్చా?

వద్దు. తంగేడు పూలతో టీ కాచుకునేవాళ్ళు ఉన్నారు, నిజమే, కానీ అది సునాముఖి జాతిది, విరేచనాలయ్యే గుణం ఉన్న కుటుంబం, చెంచాలకొద్దీ తినే తీపి పదార్థంలో దాన్ని పెట్టడం నాకిష్టం లేదు. అదీకాక పండగకి వచ్చే పూలు ఏ రోడ్డు పక్క కోశారో, ఏ మందు కొట్టిన చేలోవో తెలియదు. కొన్నిటికి రంగులు కూడా అద్దుతారు.

అసలు ముట్టుకోకూడని పూలు ఏవి?

గన్నేరు, పచ్చగన్నేరు, ఉమ్మెత్త, జిల్లేడు, బిళ్ళగన్నేరు, అడవినాభి, లాంటానా. ఇంట్లో పూజకి వాడుతున్నాం కదా అనుకోవద్దు, పూజకి పనికొచ్చేది పొట్టకి పనికిరావాలని లేదు. గన్నేరులో గుండె లయని దెబ్బతీసే విషం ఉంటుంది, మరిగిస్తే పోదు, చక్కెర వేస్తే పోదు. అమెరికా, యూరప్‌లలో అయితే డాఫొడిల్, లిలీ ఆఫ్ ద వ్యాలీ, ఫాక్స్‌గ్లోవ్, అజేలియా.

నేను పెట్టుకున్న నియమం ఒకటే: పువ్వు పేరు, మొక్క పేరు రెండూ నూటికి నూరుపాళ్ళు తెలిస్తేనే గిన్నెలో వేస్తాను. ‘చూడ్డానికి అలాగే ఉంది’ అన్నది లెక్కలోకి రాదు.

పూలమార్కెట్‌లో, నర్సరీలో కొన్నవి వాడొచ్చా?

మార్కెట్ పూలు దండలకి పండించినవి, తినడానికి కాదు. కూరగాయలకైనా ఫలానా మందు కొట్టాక ఇన్ని రోజులు ఆగి కోయాలి అన్న లెక్క ఉంది, దండల పూల దగ్గర ఆ పట్టింపు ఎవరికి ఉంటుంది? కడియం లాంటి చోట నుంచి మొక్క తెచ్చుకుంటే, తెచ్చిన రోజు ఉన్న పూలూ మొగ్గలూ తుంచి పారేయండి. రెండు మూడు నెలలు మీ చేతులతో మందులేకుండా పెంచి, కొత్తగా వేసిన పూలు వాడుకోండి. రోడ్డు పక్కవి, కుక్కలు తిరిగే పార్కులోవి, కలుపుమందు కొట్టిన లాన్‌లోవి వద్దు.

ఎప్పుడు కోయాలి, ఎలా కడగాలి?

పొద్దున్నే, మంచు ఆరాక, ఎండ ముదరకముందు. ఉప్పు వేసిన చల్లటి నీళ్ళలో ఐదు నిమిషాలు ముంచితే లోపలున్న చీమలు, చిన్న పురుగులు పైకి తేలతాయి. తర్వాత రెండుసార్లు మంచినీళ్ళలో జాడించి, పల్చటి గుడ్డ మీద ఆరబెట్టండి. ఒక్కరోజే అన్ని పూలు దొరక్కపోతే రోజూ కోసినవి కడిగి ఆరబెట్టి ఫ్రీజర్‌లో దాచుకోండి, చేసేనాటికి ఒకేసారి తీసుకోవచ్చు. మా శంఖుపువ్వులన్నీ అలా పోగేసినవే.

పూల నీళ్ళు ఎలా తీయాలి?

స్టీలు గిన్నెలో రేకులు రెండు కప్పులు కాస్త నొక్కి కొలిచి, మరిగి పొయ్యి మీంచి దించిన నీళ్ళు రెండు కప్పుల పైన ఇంకాస్త పోసి మూత పెట్టాలి. మందారకి పదిహేను నిమిషాలు చాలని చెప్పాను కదా, గులాబీకి, వయొలెట్‌కి కొన్ని గంటలు కావాలి. చలిదేశాల వంటకాల్లో ‘రాత్రంతా బల్ల మీద ఉంచండి’ అని రాస్తారు. మన ఏప్రిల్, మే ఎండల్లో అలా ఉంచితే పొద్దుటికి పులిసిన వాసన వస్తుంది. చల్లారగానే ఫ్రిజ్‌లో పెట్టేయండి. పల్చటి గుడ్డలో వడకట్టి, గుడ్డ పిండకుండా దానంతటది కారనివ్వండి, పిండితే జెల్లీ మసకబారుతుంది. అల్యూమినియం గిన్నె వద్దు, పులుపుతో పడదు, రంగూ మారుతుంది.

నిమ్మరసం తప్పనిసరా? పులుపు మా ఇంట్లో తినరు.

తప్పనిసరి. దీన్ని తగ్గించడానికి వీల్లేదు.

ఎందుకో చెప్తాను. ఒకటి, పెక్టిన్ గట్టిపడాలంటే పులుపు కావాలి, పీహెచ్ (పులుపు కొలత, అంకె తగ్గేకొద్దీ పులుపు ఎక్కువ) సుమారు 3 దగ్గర ఉండాలి, పైకి పోయేకొద్దీ జెల్లీ షర్బత్‌గానే ఉండిపోతుంది. రెండోది ఇంకా ముఖ్యం. క్లాస్ట్రీడియం బొట్యులినమ్ అని ఒక బాక్టీరియా ఉంది, దాని బీజాలు మరిగే నీళ్ళకి చావవు, గాలి ఆడని సీసాలో, పులుపు తక్కువ ఉన్నచోట మొలకెత్తి విషం తయారు చేస్తాయి. పీహెచ్ 4.6 కన్నా తక్కువ ఉంటే అవి మొలకెత్తవు. మామిడి, చింత, జామ లాంటి కాయల్లో ఎంతో కొంత సొంత పులుపు ఉంటుంది, పూల నీళ్ళలో దాదాపు ఏమీ ఉండదు. అంటే మీ సీసాని కాపాడే పులుపంతా మీరు వేసిన నిమ్మరసమే. చక్కెర కూడా తోడు ఉంటుంది కానీ దాని ఒక్కదాని మీద ఆధారపడకండి.

రుచికి కూడా కావాలి. ఇంత చక్కెరలో పులుపు లేకపోతే రెండో చెంచా తినలేం.

ఇక ఇందులో నాకు ఎన్నిసార్లు చూసినా తనివి తీరనిది రంగు. శంఖుపువ్వు నీళ్ళు సిరా నీలంగా ఉంటాయి. నిమ్మకాయ పిండుతుంటే మొదటి చుక్క పడిన చోట ఊదారంగు చార ఒకటి కిందికి దిగుతుంది, గరిటె తిప్పగానే గిన్నె అంతా ఊదా, ఇంకాస్త పిండితే నేరేడుపండు తిన్న నాలుక రంగు. మందార నీళ్ళు మురికి ఊదాగా చూడ్డానికి ఏమీ బాగోవు, నిమ్మరసం పడగానే ఎర్రగా తేటపడతాయి. పూలలోని ఆంథోసయనిన్ అనే రంగు పదార్థం పులుపుని బట్టి అలా మారుతుంది. మా పిల్లల్ని ఆ నిమిషానికి తప్పకుండా పిలుస్తాను.

నిమ్మకాయలు లేని కాలంలో నిమ్మ ఉప్పు (సిట్రిక్ యాసిడ్) వాడొచ్చు: 60 మి.లీ. రసానికి బదులు ఒక చిన్న చెంచా నిండుగా. కొలత చెంచా వాడండి, చిటికెలు కాదు.

పెక్టిన్ అంటే ఏంటి, ఎక్కడ దొరుకుతుంది?

పండ్ల తొక్కల్లో, గింజల చుట్టూ ఉండే సహజమైన జిగురు లాంటిది. జామ, వెలగ, ఆపిల్‌లో ఎక్కువ, పూలలో లేనట్టే. అమెరికాలో ష్యూర్‌జెల్ పొడి, సెర్టో ద్రవం ఏ సూపర్‌మార్కెట్‌లోనైనా ఉంటాయి. ఇక్కడ కేకుల సామాను అమ్మే షాపుల్లో, ఆన్‌లైన్‌లో పొడి దొరుకుతుంది. ప్యాకెట్ మీద ‘హై మెథాక్సిల్’ అని, 150 గ్రేడ్ అని ఉన్నది తీసుకోండి. 150 గ్రేడ్ అంటే 1 గ్రాము పెక్టిన్ 150 గ్రాముల చక్కెరని పట్టి నిలబెట్టగలదని లెక్క.

పెక్టిన్ కొనడం ఇష్టం లేకపోతే జామకాయతో చేసుకోండి, నిజం చెప్పాలంటే నాకు ఈ పద్ధతే ఎక్కువ ఇష్టం. దోరజామకాయలు ముక్కలు కోసి, మునిగేదాకా నీళ్ళు పోసి అరగంట చిన్నమంట మీద ఉడికించి, గుడ్డలో కట్టి రాత్రంతా వేలాడదీస్తే కింద కారే నీళ్ళలో కావలసినంత పెక్టిన్ ఉంటుంది. ఆ జామ నీళ్ళు రెండు పాళ్ళు, గాఢంగా తీసిన పూల నీళ్ళు ఒక పాలు, కప్పు రసానికి ముప్పావు కప్పు చక్కెర, నిమ్మరసం. జామ వాసన కాస్త ఉంటుంది, గులాబీతో అది చాలా బాగా కలుస్తుంది, మల్లెతో కలవదు.

చైనాగ్రాస్ వేస్తే సరిపోదా?

ఫ్రిజ్‌లో పెట్టుకుని నాలుగు రోజుల్లో తినేదానికైతే వేసుకోండి, బాగుంటుంది. సీసాల్లో నెలల తరబడి బయట ఉంచేదానికి మాత్రం చైనాగ్రాస్, జెలటిన్ రెండూ పనికిరావు. ఆ జెల్లీల్లో చక్కెర, పులుపు నిల్వకి సరిపడా ఉండవు.

సరే, కొలతలు చెప్పండి.

అమెరికాలో ద్రవ పెక్టిన్‌తో: పూల నీళ్ళు 2 కప్పులు, నిమ్మరసం పావు కప్పు, చక్కెర 4 కప్పులు, ద్రవ పెక్టిన్ ఒక సంచి, అంటే 85 మి.లీ. పూల నీళ్ళు, నిమ్మరసం, చక్కెర కలిపి పెద్దమంట మీద, గరిటెతో తిప్పినా ఆగనంతగా మరిగించి, పెక్టిన్ పోసి, మళ్ళీ అలా మరిగాక సరిగ్గా ఒక నిమిషం ఉంచి దించేయాలి. పొడి పెక్టిన్ అయితే వరస మారుతుంది, పొడి ముందు, చక్కెర తర్వాత. ప్యాకెట్‌లోని కాగితం మీద ఎలా ఉంటే అలాగే చేయండి.

ఇక్కడ 150 గ్రేడ్ పొడితో నేను చేసేది: పూల నీళ్ళు 500 మి.లీ., నిమ్మరసం 60 మి.లీ. (మన నిమ్మకాయలు నాలుగైదు), చక్కెర 800 గ్రాములు, పెక్టిన్ 10 గ్రాములు. పెక్టిన్‌ని నేరుగా నీళ్ళలో వేస్తే ఉండలు కట్టి ఇక కరగదు, అందుకని ఆ 800లోంచే నాలుగైదు చెంచాల చక్కెర తీసి అందులో పొడిగా కలిపి, వేడెక్కుతున్న పూల నీళ్ళలో చల్లుతూ తిప్పాలి. బాగా మరిగాక మిగతా చక్కెర, చివర్లో నిమ్మరసం. అక్కడినుంచి పెద్దమంట మీద ఐదు నుంచి ఎనిమిది నిమిషాలు. 200 మి.లీ. సీసాలు నాలుగు నిండి, కాస్త గిన్నెలో మిగులుతుంది, అది ఆ సాయంత్రం దోసెల్లోకి.

గిన్నె పెద్దది తీసుకోండి, పాలు పొంగినట్టు పొంగుతుంది. రెట్టింపు కొలతతో ఒకేసారి చేయకండి, మరగడానికి ఎక్కువసేపు పట్టి పెక్టిన్ దెబ్బతింటుంది. రెండు వాయిలు వేసుకోండి.

చక్కెర సగం తగ్గిస్తే? బెల్లంతో చేస్తే?

సగం తగ్గిస్తే గట్టిపడదు. ఈ రకం పెక్టిన్ పట్టాలంటే గిన్నెలో ఉన్నదాంట్లో 60 నుంచి 65 శాతం చక్కెర ఉండాలి. తక్కువ చక్కెరతో కావాలంటే కాల్షియంతో గట్టిపడే వేరే రకం పెక్టిన్ ఉంది, దాని కొలతలు దానివే. బెల్లం వేస్తే ఆ రంగు, ఆ వాసన ముందు పువ్వు నిలవలేదు. షుగర్ ఉన్నవాళ్ళకి దీన్ని నేను పెట్టను, పువ్వుతో చేసింది కదా అని ఆరోగ్యం అనుకోవద్దు.

పాకం వచ్చిందని ఎలా తెలుసుకోవాలి? తీగపాకం చూడాలా?

ఇక్కడే మన ఆడవాళ్ళు చాలామంది దెబ్బతింటున్నారు, నేనూ మొదటి రెండుసార్లు ఇక్కడే పాడుచేశాను. బూందీ లడ్డుకి, మైసూర్‌పాక్‌కి చేయి తిరిగినవాళ్ళం కాబట్టి వేళ్ళ మధ్య తీగ వచ్చేదాకా ఆగుతాం. అప్పటికి జెల్లీ దాటిపోతుంది, చల్లారాక చెంచా దిగదు, బంకలా సాగుతుంది. తీగ చూడొద్దు.

గరిటెని పక్కకి వంచి చూడండి. మొదట నీళ్ళలా కారుతుంది, తర్వాత రెండు చుక్కలు వేరువేరుగా పడతాయి, ఇంకాసేపటికి ఆ రెండు చుక్కలూ గరిటె అంచు మీద ఒకదాన్నొకటి అందుకుని కలిసి, చిన్న రేకులా వేలాడి తెగిపడతాయి. అదే సమయం. రెండో పద్ధతి, ఫ్రీజర్‌లో పెట్టిన చిన్న ప్లేటు మీద చెంచాడు వేసి, నిమిషం ఆగి వేలితో తోస్తే పైన ముడత పడాలి. ఈ పరీక్ష చేసేటప్పుడు పొయ్యి ఆపేయండి.

థర్మామీటర్ ఉంటే మరీ మంచిది. సముద్రమట్టంలో 104.5 డిగ్రీల దగ్గర పట్టుకుంటుంది, అంటే నీళ్ళు మరిగే వేడికి నాలుగున్నర డిగ్రీల పైన. విశాఖ, విజయవాడ వాళ్ళకి ఇదే లెక్క. హైదరాబాద్ 540 మీటర్ల ఎత్తున ఉంది, ఇక్కడ నీళ్ళు 98 దగ్గరే మరుగుతాయి కాబట్టి 102.5 నుంచి 103. బెంగళూరులో ఇంకో డిగ్రీ పైచిలుకు తగ్గించుకోండి. ఇది తెలియక ఇక్కడ 105 వచ్చేదాకా కాస్తే బంకే మిగులుతుంది.

సీసాల్లో నింపడం, మరిగించడం ఎలా?

సీసాలు సబ్బుతో కడిగి వేడినీళ్ళలోనే ఉంచండి, చల్లటి సీసాలో మరిగే జెల్లీ పోస్తే పగులుతుంది. నాకు ఒకసారి పొయ్యి పక్కనే అడుగు ఊడి మొత్తం గట్టు మీద పారింది, చెయ్యి కాలకపోవడం అదృష్టం. జెల్లీ దించగానే పైన నురగ తీసేసి, సీసా మూతి నుంచి పావు అంగుళం వదిలి నింపాలి. మూతి అంచు తడిగుడ్డతో తుడవండి, చక్కెర చుక్క ఒకటి అంటుకుని ఉన్నా మూత పట్టదు. మూత వేళ్ళ బలంతో బిగించండి, చెయ్యంతా పెట్టి బిగించొద్దు, లోపలి గాలి బయటికి పోవాలి.

లోతైన గుండిగ తీసుకుని అడుగున ఒక స్టాండ్ గానీ మడతపెట్టిన గుడ్డ గానీ వేసి, సీసాలు నిలబెట్టి, మూతల మీద అంగుళం ఎత్తు నీళ్ళు ఉండేలా మరిగించాలి. పావు లీటరు, అంతకంటే చిన్న సీసాలకి కోస్తా ఊళ్ళలో, అంటే 300 మీటర్ల ఎత్తు దాకా, 5 నిమిషాలు. కానీ దానికి సీసాలు ముందే పది నిమిషాలు మరిగించి ఉండాలి. హైదరాబాద్, బెంగళూరు, అరకు లాంటి చోట్ల, 1,800 మీటర్ల దాకా, 10 నిమిషాలు. అంతకన్నా పైన 15. నేనైతే ఎక్కడున్నా పదే మరిగిస్తాను, పది మరిగిస్తే సీసాలు ముందుగా విడిగా మరిగించాల్సిన పని లేదు. నీళ్ళు తెర్లడం మొదలయ్యాక లెక్క మొదలుపెట్టాలి. ప్రెషర్ కుక్కర్ అక్కర్లేదు.

తీసి గుడ్డ మీద పెట్టి కదపకుండా వదిలేయండి. చల్లారుతుంటే మూత మధ్యభాగం లోపలికి గుంజుకుని ‘టిక్’ మంటుంది. మర్నాడు వేలితో నొక్కితే పైకీ కిందికీ ఆడకూడదు. ఆడితే ఆ సీసా ఫ్రిజ్‌లోకి.

పాత జామ్ సీసాలు వాడొచ్చా?

ఫ్రిజ్‌లో పెట్టుకునేదానికి హాయిగా వాడండి. బయట నిల్వకి వద్దు, ఒకసారి వాడిన మూత లోపలి రబ్బరు పొర మళ్ళీ గాలి ఆడకుండా పట్టుకుంటుందన్న నమ్మకం లేదు. రెండు ముక్కల మూత ఉన్న సీసాలు ఆన్‌లైన్‌లో దొరుకుతున్నాయి, వాటిలో చుట్టు రింగు మళ్ళీ వాడొచ్చు, పైన రేకు మాత్రం ప్రతిసారీ కొత్తది.

వేడిగా పోసి సీసా తిరగేసి పెడితే చాలంటారు కదా? పైన మైనం పోస్తారట?

రెండూ పాత పద్ధతులు. తిరగేస్తే మూత పట్టినట్టే కనపడుతుంది, ఆ పట్టు బలహీనం. మైనం చల్లారాక అంచుల్లో సన్నగా విడుస్తుంది, ఆ సందులోంచి బూజు వస్తుంది. ఇప్పుడు ఎవరూ వీటిని సిఫారసు చేయడం లేదు.

జెల్లీ గట్టిపడలేదు. పారేయాలా?

టెన్షన్ పడకండి, ముందు రెండు రోజులు ఆగండి. పూల జెల్లీ నెమ్మదిగా పట్టుకుంటుంది, కొన్నిటికి వారం పైనే పడుతుంది. అప్పటికీ నీళ్ళలాగే ఉంటే మళ్ళీ కాయొచ్చు. నాలుగు కప్పుల జెల్లీకి పావు కప్పు చక్కెర, అరకప్పు నీళ్ళు, రెండు పెద్ద చెంచాల నిమ్మరసం, అమెరికా ప్యాకెట్ రకం పొడి పెక్టిన్ నాలుగు చిన్న చెంచాలు కలిపి మరగబెట్టి, అందులో ఈ జెల్లీ పోసి మళ్ళీ పెద్దమంట మీద ఆగకుండా మరిగాక అర నిమిషం ఉంచి, కొత్త మూతలతో మళ్ళీ సీసాలకి ఎక్కించాలి. ఇక్కడ దొరికే 150 గ్రేడ్ పొడి గాఢత ఎక్కువ, దానికి ఈ చెంచాల లెక్క పెట్టకండి, మూడు నాలుగు గ్రాములు తూచి వేయండి. అంత ఓపిక లేకపోతే సిరప్ అనుకోండి. చల్లటి పాలల్లో, సోడాలో గులాబీ సిరప్‌ని మించింది లేదు.

మసకగా ఉంది, పలుకులు కట్టింది, నీళ్ళు వదిలింది, బూజు వచ్చింది...

మసక అంటే గుడ్డ పిండారు. పలుకులంటే చక్కెర ఎక్కువైంది, లేదా గిన్నె అంచులకి అంటుకున్న కరగని చక్కెర సీసాలో పడింది. నీళ్ళు వదిలితే పులుపు ఎక్కువై ఉండొచ్చు, లేదా సీసా వేడిచోట ఉంది. ఈ మూడూ తినడానికి ఇబ్బంది లేదు. బూజు వస్తే మాత్రం పైన తీసేసి కింద తినడం వద్దు, సీసా మొత్తం పారేయండి. మూత ఉబ్బినా, తెరవగానే నురగ వచ్చినా అంతే, రుచి కూడా చూడొద్దు.

ఎన్నాళ్ళు ఉంటుంది?

మూత బాగా పట్టిన సీసా వెలుతురు తగలని చల్లటి చోట ఏడాది. మన ఎండాకాలంలో వంటింటి అలమరలో నలభై డిగ్రీలు దాటుతుంది, మార్చి నుంచి జూన్ దాకా ఫ్రిజ్‌లో చోటు చూసుకోండి. తెరిచాక ఫ్రిజ్‌లో నెల. రంగు మాత్రం అంతకాలం ఆగదు, శంఖుపువ్వు ఊదా ఐదారు నెలలకి వెలిసిపోవడం మొదలవుతుంది.

గర్భిణులు, పిల్లలు తినొచ్చా?

మందార, గోంగూర పువ్వు గర్భిణులు తినకపోవడమే మంచిదని మన పెద్దవాళ్ళు అంటారు, డాక్టర్‌ని అడగకుండా నేనైతే పెట్టను. పుప్పొడి పడనివాళ్ళు, ఆస్తమా ఉన్నవాళ్ళు కొత్త పువ్వు ఏదైనా అర చెంచాతో మొదలుపెట్టి చూడాలి. పిల్లలు ఇష్టంగా తింటారు, కానీ ఇది మూడొంతుల్లో రెండొంతులు చక్కెరే అని గుర్తుపెట్టుకుని పెట్టండి.

అమ్ముకోవచ్చా?

చుట్టాలకి, పక్కింటికి ఇవ్వడం వేరు, అమ్మడం వేరు. అమ్మాలంటే ఇంట్లో చేసినా సరే ఎఫ్ఎస్ఎస్ఏఐ (కేంద్ర ఆహార భద్రత సంస్థ) రిజిస్ట్రేషన్ ఉండాలి. అమెరికాలో ఒక్కో రాష్ట్రానికి ఒక్కో చట్టం, మీ రాష్ట్రం వ్యవసాయ శాఖ సైట్‌లో చూసుకోండి. అమ్మే ఆలోచన ఉంటే పీహెచ్ మీటర్ కొనడం మొదటి పని.

మొదటిసారి చేస్తున్నాను, దేంతో మొదలుపెట్టమంటారు?

గోంగూర పువ్వుతో. తెలంగాణలో పుంటికూర అనే మొక్కే. ఆకు కోయకుండా వదిలేసిన మొక్క చలికాలం మొదట్లో ఎర్రటి కాయలు వేస్తుంది. దానికి సొంత పులుపు ఉంది, సొంత పెక్టిన్ ఉంది, కాబట్టి పైన చెప్పిన కొలతల బాధ సగం తగ్గుతుంది. అరకిలో కాయల నుంచి ఎర్రటి రెక్కలు ఒలిచి, లోపలి గింజకాయ వేరు చేసి, రెక్కలు మునిగేదాకా నీళ్ళు పోసి ఇరవై నిమిషాలు ఉడికించి వడకట్టండి. కప్పు రసానికి ముప్పావు నుంచి కప్పు చక్కెర. గరిటె అంచున రెండు చుక్కలు కలిసి పడేదాకా కాచి, సీసాలకి ఎత్తి, పది నిమిషాలు మరిగించండి. రంగు చూస్తే ముదురు కెంపులా ఉంటుంది.

లోపలి గింజకాయలు పారేయకండి. ఎండబెడితే విత్తనాలు రాలతాయి, జూన్‌లో తొలకరి పడగానే చల్లుకోవచ్చు. మా మేడ మీద ఉన్న ఆరు మొక్కలూ అలా వచ్చినవే.